గాంధీగారి భోజనం: ముందు ఏ సంవత్సరమో చెప్పండి

ప్రశ్న ఇది: "గాంధీగారు మేకపాలు, వేరుశనగపప్పు, ఖర్జూరాలతోనే గడిపారంటారు. నిజంగా రోజూ ఏం తినేవారు, ఎంత తినేవారు? అవే కొలతలతో మేమూ ఒక నెల తింటే మంచిదేనా?"

"గాంధీ డైట్" అని ఒక్క పట్టిక లేదు. 1888లో లండన్ ఓడెక్కిన దగ్గర్నుంచి 1948లో పోయేదాకా 60 ఏళ్ళు ఆయన తిండి మారుతూనే ఉంది. ఫోన్లలో తిరిగే పట్టికల్లో 1918 నాటి వేరుశనగ, 1929 నాటి మొలకలు, 1930 నాటి ఖర్జూరం ఒకే పళ్ళెంలో కనిపిస్తాయి. అలాంటి పళ్ళెం ఆయన ముందు ఎన్నడూ లేదు. పైగా వాటిలో రెండు ఆయన్ని మంచాన పడేసిన ప్రయోగాలు. కాబట్టి "గాంధీగారు ఇది తిన్నారు" అని ఎవరన్నా మీరు అడగాల్సిన మొదటి మాట: ఏ సంవత్సరం?

లండన్‌తో మొదలుపెడదాం. మద్యం, మాంసం, పరస్త్రీ ముట్టనని బేచర్జీ స్వామి అనే జైన సాధువు ఎదుట ప్రమాణం చేసి వెళ్ళారు. అంటే అప్పటికి ఆయనది మాటకి కట్టుబడిన శాకాహారమే, మనసొప్పిన శాకాహారం కాదు. స్కూలు రోజుల్లో స్నేహితుడి మాట మీద చాటుగా ఒక ఐదారుసార్లు మాంసం తిన్నారు కూడా. లండన్‌లో మొదటి రోజుల్లో ఉప్పూ కారం లేని ఉడికిన కూరలు దిగక, రెండు మూడు రొట్టె ముక్కలకి మించి అడగడానికి మొహమాటపడి, అర్ధాకలితో ఉన్నారు. ఫారింగ్డన్ వీధిలో ఒక శాకాహార హోటల్ దొరికాకే కడుపు నిండింది. అక్కడే ఒక షిల్లింగు పెట్టి హెన్రీ సాల్ట్ రాసిన చిన్న పుస్తకం కొన్నారు. శాకాహారం తన ఇష్టంగా మారింది అది చదివాకే అని ఆయనే చెప్పుకున్నారు.

ఆ తర్వాత ఖర్చు తగ్గించడం మొదలైంది. పొద్దున ఓట్స్ జావ, కోకో. మధ్యాహ్నం బయట భోజనం. రాత్రి రొట్టె, కోకో. రోజు మొత్తానికి తిండి ఖర్చు 1 షిల్లింగు 3 పెన్నీలు. ఇంటి నుంచి తెప్పించుకున్న మిఠాయిలు, మసాలాలు ఆపేశారు. రుచి ఉండేది నాలుక మీద కాదు, మనసులో అన్న అభిప్రాయం అక్కడ ఏర్పడిందే. చివరిదాకా మారనివి రెండే: లెక్క, పొదుపు. పళ్ళెంలో పదార్థాలు మాత్రం మారుతూనే వచ్చాయి.

దక్షిణాఫ్రికా సంగతులు క్లుప్తంగా. 1893లో ప్రిటోరియాలో పచ్చితిండి ప్రయత్నించారు, రెండు వారాలు కూడా నిలవలేదు. జోహానెస్‌బర్గ్ ఇంట్లో 7 పౌండ్లు పెట్టి చేతి తిరగలి కొని, ముడిగోధుమ పిండి విసిరి, ఈస్టు వెయ్యకుండా రొట్టె కాల్చేవారు. దాని ఇనుప చక్రం ఒక్కరికి బరువు, ఇద్దరైతే తేలిక. కస్తూర్బాకి రక్తస్రావం జబ్బు తిరగబెట్టినప్పుడు ఉప్పు, పప్పు మానెయ్యమన్నారు. "మీరైనా మానగలరా?" అని ఆమె అడగ్గానే తానే ఏడాదిపాటు మానేస్తానని మాటిచ్చి, ఆ ఏడాదిని చాలా ఏళ్ళు సాగదీశారు. ఉప్పు లేకుండా అన్నేళ్ళు తిన్న మనిషే 1930లో ఉప్పు కోసం నడిచారు. 1912లో టాల్‌స్టాయ్ ఫారం అనే తన ఆశ్రమంలో స్నేహితుడు కాలెన్‌బాక్‌తో కలిసి పాలు మానేశారు. ఆ వెంటనే పచ్చి వేరుశనగ, అరటిపళ్ళు, ఖర్జూరం, నిమ్మ, ఆలివ్ నూనె, అంతే. వేరుశనగ, ఖర్జూరాల పేరు ఇక్కడి నుంచి వచ్చింది.

1915 ఏప్రిల్, హరిద్వార్ కుంభమేళా. రోజుకి 5 పదార్థాలకి మించి తినను, చీకటి పడ్డాక తినను అని అక్కడ వ్రతం పట్టారు. దీన్ని అందరూ నిగ్రహంగానే చెబుతారు. కారణం చూస్తే వేరు. అంతకుముందు కలకత్తాలో భూపేంద్రనాథ్ బసు గారింట దిగినప్పుడు, ఈయన పళ్ళు, గింజలే తింటారని ఊళ్ళో దొరికే పండల్లా తెప్పించారు. ఆ ఇంటి ఆడవాళ్ళు రాత్రంతా మేలుకుని గింజల తొక్కలు తీశారు. "సాదా" తిండి ఆతిథ్యమిచ్చేవాళ్ళకి అంత చాకిరీ అవుతుందని ఆయనకి అప్పుడు తెలిసొచ్చింది. అందుకే లెక్క కట్టారు. జబ్బు చేస్తే వేసుకునే మందు కూడా ఆ ఐదులోనే, మినహాయింపు లేదు. దినుసులన్నీ విడివిడిగా లెక్కేస్తే మన పోపుకే ఐదూ అయిపోతాయి: ఆవాలు, జీలకర్ర, మినప్పప్పు, ఎండుమిర్చి, ఇంగువ. ఇంట్లో ఎవరైనా ఈ వ్రతం పట్టాలనుకుంటే పోపు మొత్తాన్ని ఒకటిగా లెక్కేసుకుంటారా లేదా అన్నది ముందే తేల్చుకోండి, లేకపోతే రెండో రోజే పేచీ వస్తుంది.

1918 దగ్గర కాస్త ఆగాలి, ఎందుకంటే "గాంధీ వేరుశనగ తిని బలంగా ఉన్నారు" అనేవాళ్ళు ఆ ఏడాదినే చూపిస్తారు. ఖేడా జిల్లాలో సైన్యానికి మనుషుల్ని చేర్చే పనిమీద తిరుగుతూ వేరుశనగ ముద్ద, నిమ్మకాయల మీద బతికారు. పాలు లేవు, పప్పు లేదు. ముద్ద మోతాదు మించింది, జిగట విరేచనాలు పట్టుకున్నాయి. తగ్గుతుండగా ఒక పండగరోజు కస్తూర్బా పెట్టిన గోధుమ తీపిజావ, పెసలు కడుపునిండా తిన్నారు. పాలపదార్థం వద్దన్న వ్రతం కాబట్టి ఆ జావ నెయ్యితో కాక నూనెతో చేసింది. గంట తిరక్కుండా రోగం ముదిరింది. మందు పుచ్చుకోనన్నారు. ఇక బతకనేమో అన్నంత దూరం వెళ్ళింది.

ఇక్కడ తప్పు వేరుశనగది కాదు, కొలతది. వేరుశనగలో సగం దాకా నూనే. పప్పుగా నమిలితే 40 గ్రాములకే చాలనిపిస్తుంది. మెత్తగా నూరితే 150 గ్రాములు తెలియకుండా లోపలికి పోతుంది. దాంతో పాటు పీచున్న అన్నమో రొట్టో లేకపోతే, అందులోనూ కడుపు అప్పటికే బాగోలేకపోతే, ఆ నూనె అరగదు. ముద్దగా తినేవాళ్ళు రోజుకి 30 గ్రాములు దాటకండి. పప్పు ఏరేటప్పుడు ముడతలుపడ్డవి, రంగు మారినవి, చేదుగా తగిలినవి పారెయ్యండి. బూజు పట్టిన పప్పులోని విషం వేయించినా పూర్తిగా పోదు.

మేకపాలు ఇక్కడే వచ్చాయి. 1919 మొదట్లో బొంబాయిలో డాక్టర్ దలాల్ మూలవ్యాధికి శస్త్రచికిత్స చేశారు. పాలు తాగకపోతే మీ ఒంటిని మళ్ళీ నిలబెట్టలేనన్నారు. ఆవుల్ని, గేదెల్ని పాలకోసం పెట్టే హింస గురించి విని మానేశానని గాంధీగారు చెబితే, పక్కనున్న కస్తూర్బా "అయితే మేకపాలకి అభ్యంతరం ఉండకూడదుగా" అన్నారు. అక్షరాలా చూస్తే వ్రతం చెడలేదు, భావం మాత్రం చెడింది అని ఆయన చివరిదాకా బాధపడ్డారు. అంటే మేకపాలు ఆయన దృష్టిలో ఆరోగ్య రహస్యం కాదు, ఒక రాజీ. ఇవాళ లీటరు ఇంతని మేకపాలు అమ్మేవాళ్ళు ఆయన బొమ్మ పెట్టుకోవడం చూస్తే నవ్వొస్తుంది.

మేకపాల గురించి అడిగారు కాబట్టి అసలు విషయం చెబుతాను. కొవ్వు బొట్లు చిన్నవి, పెరుగు మెత్తగా తోడుకుంటుంది, కొందరికి తేలిగ్గా అరుగుతుంది. అయితే పాలచక్కెర ఆవుపాలకన్నా ఏ కొంచెమో తక్కువ, అంతే. పాలు పడక కడుపుబ్బరం వచ్చేవాళ్ళకి మేకపాలతోనూ వస్తుంది. ఫోలేటు, బీ12 అనే విటమిన్లు ఆవుపాలలో కన్నా బాగా తక్కువ. పసిపిల్లలకి తల్లిపాల బదులు ఉత్త మేకపాలు పట్టిస్తే రక్తహీనత వస్తుంది, ఆ పని చెయ్యకండి. మందనుంచి నేరుగా తెచ్చిన పాలు పొంగు వచ్చాక ఇంకో రెండు నిమిషాలు మరిగించండి. పచ్చిపాలతో బ్రూసెల్లా జ్వరం వస్తుంది, అది నెలలు పీడిస్తుంది. బీ12ని వేరు చేసి గుర్తించింది గాంధీగారు పోయిన 1948లోనే. పాలు లేని తిండి ఆయనకి మాటిమాటికీ ఎదురుతిరగడంలో దాని పాత్ర ఎంతో చెప్పలేం గానీ, దాని కోసం వెతకాలని ఆయన కాలంలో ఎవరికీ తోచే వీలే లేదు.

ఇప్పుడు 1929. తెలుగువాళ్ళకి నేరుగా సంబంధమున్న ప్రయోగం ఇదే, కొలతలతో సహా రాసిపెట్టిందీ ఇదే. ఆ వేసవిలో ఖద్దరు నిధికోసం ఆంధ్రదేశం తిరుగుతూ రాజమండ్రిలో సుందరం గోపాలరావు అనే ప్రకృతి వైద్యుణ్ణి కలిశారు. ఆయన నీటి చికిత్స, పథ్యం చికిత్స చేసేవారు. తొట్టిస్నానాలు బాగానే ఉంటాయిగానీ అసలు మందు నిప్పు తగలని తిండే, జంతువులు తిన్నట్టు పచ్చిగా తినాలి అన్నారు. మొలకెత్తిన గింజలతో ముసలివాళ్ళ దీర్ఘకాలపు అజీర్తి కూడా తగ్గించానని చెప్పారు. 36 ఏళ్ళ కిందట ప్రిటోరియాలో వదిలేసిన ప్రయోగం గాంధీగారికి మళ్ళీ నోరూరించింది. వంట తప్పితే ఆడవాళ్ళకి పొయ్యి దగ్గరి చాకిరీ తప్పుతుందన్నది ఆయనకి పెద్ద ఆశ. జూన్‌లో తన పత్రికలో ఆ కొలతలు ప్రకటించారు. రోజు మొత్తానికి:

మొలకెత్తిన గోధుమలు 8 తులాలు, నూరిన బాదం ముద్ద 8 తులాలు, దంచిన పచ్చి ఆకుకూర 8 తులాలు, నిమ్మకాయలు 6, తేనె 2 ఔన్సులు. వారానికి రెండు మూడుసార్లు గోధుమల బదులు మొలకెత్తిన శనగలు, ఆ రోజు బాదం బదులు కొబ్బరిపాలు. ఉదయం 11కి సగం, సాయంత్రం 6:15కి సగం. నిప్పు తగిలింది నీళ్ళకి మాత్రమే. పొద్దునొకసారి, మధ్యలో ఇంకోసారి వేడినీళ్ళలో నిమ్మరసం, తేనె.

దీన్ని మీ వంటింట్లోకి మార్చేటప్పుడు మొదటి పొరపాటు తులం దగ్గర జరుగుతుంది. ఇప్పుడు బంగారం కొట్లో తులమంటే 10 గ్రాములు. పాత తులం 11.66 గ్రాములు. కాబట్టి 8 తులాలంటే 80 కాదు, 93 గ్రాములు. తేనె 57 గ్రాములు.

లెక్క కడదాం. 93 గ్రాముల మొలకలంటే ఎండు గోధుమలు సుమారు 60 గ్రాములే, మిగతాది నీరు: దాదాపు 200 కేలరీలు. బాదం 540. ఆకుకూర 30. నిమ్మరసం 40. తేనె 170. మొత్తం వెయ్యికి అటూ ఇటూ. మాంసకృత్తులు 30 గ్రాములు. సగానికి పైగా శక్తి బాదం నుంచే. రోజంతా నడిచే, 60కి చేరువైన మనిషికి ఇది చాలదు. నడి వయసులో ఆఫీసు పని చేసుకునేవాళ్ళకే చాలదు. బరువు తగ్గడం మొదట్లో "ఒళ్ళు తేలికైంది" అనిపిస్తుంది, మూడో వారానికి నీరసం అవుతుంది. ఆయన విషయంలోనూ ఆగస్టుకల్లా మళ్ళీ జిగట విరేచనాలు పట్టుకున్నాయి. ప్రయోగం ఆపి మేకపాలకి తిరిగి వచ్చారు. ఆ మాటా దాచకుండా పత్రికలో రాశారు. పట్టికల్లో మాత్రం కొలతలు ఉంటాయి, ఈ ముగింపు ఉండదు.

అయినా మొలకల వరకూ ప్రయత్నిస్తామంటే పద్ధతి ఇది. విత్తనాల కొట్లో గోధుమలు కొనకండి, వాటికి బూజుమందు పూసి ఉంటుంది. తినే గోధుమలే, పురుగు పట్టనివి, పాతబడనివి తీసుకోండి. బాగా పాతవాటిలో చాలా గింజలు మొలకెత్తవు, ఆ మొలవని గింజలే ముందు కుళ్ళుతాయి. 60 గ్రాములు మూడుసార్లు కడిగి 10 గంటలు నానబెట్టండి. నీళ్ళు పూర్తిగా ఒంపేసి, పలుచని బట్టలో వదులుగా మూటకట్టి, గాలి ఆడే చోట వేలాడదీయండి. బిగించి కడితే మధ్యలో వేడెక్కి పులుస్తుంది. 8 గంటలకోసారి మూటతో సహా కడిగి నీరు కారనివ్వండి. ఎండాకాలంలో 24 గంటలు, చలికాలంలో 36 నుంచి 48. గింజ కొసన తెల్లటి మొన 2, 3 మిల్లీమీటర్లు కనపడగానే ఆపండి. పచ్చటి మొలక వచ్చేదాకా ఉంచితే గింజ పీచులా అయి నమలడం కష్టం. జిగట, పుల్లటి వాసన, బూజు పోగులు కనిపిస్తే కడిగి వాడుదామనుకోవద్దు, పారెయ్యండి. దవడపళ్ళు లేనివాళ్ళు తప్పనిసరిగా నూరుకోవాలి, నమలని గోధుమ గింజ గింజగానే బయటికి పోతుంది.

పచ్చిమొలకల్లో అసలు ప్రమాదం సూక్ష్మజీవులది. మొలక కోరే వెచ్చదనం, తడి వాటికీ కావాలి. గర్భిణులు, చిన్నపిల్లలు, 65 దాటినవాళ్ళు, కిడ్నీ జబ్బు లేదా కాన్సర్ మందులు వాడేవాళ్ళు పచ్చివి ముట్టకూడదు. ఇడ్లీ పాత్రలో 8 నిమిషాలు ఆవిరి పట్టిస్తే సరిపోతుంది. ఆకుకూర సంగతీ అంతే. మురుగునీటితో పండించిన తోటకూర, పాలకూర నగరాల్లో మామూలు. ఉప్పునీళ్ళలో ముంచితే మట్టి పోతుంది గానీ అమీబా, నులిపురుగుల గుడ్లు చావవు. పచ్చి ఆకు తినాలంటే మీ పెరట్లోదో, కుండీలోదో తినండి. కొన్నది ఉడికించండి. మూత్రపిండాల్లో రాళ్ళున్నవాళ్ళు పచ్చి పాలకూర జోలికి పోకండి.

దండి యాత్ర తిండి మీద కూడా కథలున్నాయి. అసలు సూచనలు గాంధీగారే ముందుగా ఊళ్ళవాళ్ళకి రాసి పంపారు. పొద్దున రాబ్ (పిండి జావ), ఢేబ్రా రొట్టె. ఆ జావ మా ఆశ్రమవాసులే కాస్తారు, మీరు వద్దు అన్నారు. మధ్యాహ్నం భాఖ్రీ (గట్టి రొట్టె), కూర, పాలో మజ్జిగో. సాయంత్రం నడక మొదలుపెట్టేముందు వేయించిన శనగలు. రాత్రి కిచిడీ, కూర, మజ్జిగ. కూర ఉడకబెట్టడమే, నూనె, మసాలా, కారం ఏ రూపంలోనూ వద్దు. మిఠాయి చేసినా పుచ్చుకోం. నెయ్యి మనిషికి రోజుకి 3 తులాలు మించకూడదు: ఒకటి జావలో, ఒకటి రొట్టెకి, ఒకటి కిచిడీలో. అంటే 35 గ్రాములు. తనకి మాత్రం మేకపాలు, ఎండుద్రాక్షో ఖర్జూరమో, 3 నిమ్మకాయలు చాలన్నారు. కాబట్టి ఖర్జూరాల గాంధీ ఉన్నమాట నిజమే, వెంట నడిచినవాళ్ళు మాత్రం జావ, రొట్టె, కిచిడీ తిన్నారు. 24 రోజులు 380 కిలోమీటర్లకు పైగా నడిచేవాళ్ళకి ఏం పెట్టాలో ఆయనకి తెలుసు.

1934 చివర్లో గ్రామ పరిశ్రమల సంఘం పెట్టాక వార్ధాలో ప్రయోగాల దారి మారింది. ఇక ఒక మనిషి పథ్యం కాదు, పల్లెవాడికి అందే తిండి. సోయా చిక్కుడు, చింతపండు, వేపాకు, తాటిబెల్లం, అన్నిటికన్నా ముఖ్యంగా దంపుడు బియ్యం. సేవాగ్రాంలో అతిథులకి వేపాకు పచ్చడి తప్పేది కాదు. బియ్యం సంగతి మాత్రం మన కోస్తాకి చాలా దగ్గరిది. ఉత్తర సర్కారు జిల్లాల్లో అప్పట్లో బెరిబెరి తరచుగా కనిపించేది: కాళ్ళు తిమ్మిరెక్కి, వాచి, గుండె నీరసించే జబ్బు. కారణం మరలో తెల్లగా పాలిషు పట్టిన పచ్చిబియ్యం. బీ1 విటమిను పైపొరలోనూ మొలకభాగంలోనూ ఉంటుంది, మర అదంతా తవుడులోకి పంపేస్తుంది. ఉప్పుడు బియ్యం తినే ప్రాంతాల్లో అదే మరలో ఆడించినా జబ్బు రాలేదు, ఎందుకంటే వడ్లు ఉడికించినప్పుడు ఆ విటమిను గింజ లోపలికి దిగుతుంది. కూనూరు ప్రయోగశాలలో పోషకాహార శాస్త్రవేత్తలు మెక్‌కారిసన్, ఆ తర్వాత ఎక్రాయిడ్ ఈ పని మీదే ఏళ్ళు గడిపారు. ఆ ప్రయోగశాలే 1958లో హైదరాబాదుకి వచ్చింది, ఇవాళ తార్నాకలో ఉన్న జాతీయ పోషకాహార సంస్థ అదే.

గాంధీగారి తిండిలో మీరు ఇంటికి తెచ్చుకోదగ్గది ఏదన్నా ఉంటే ఇదేనని నా అభిప్రాయం. అయితే "దంపుడు బియ్యం" అని సంచీ మీద రాసుంటే నమ్మకండి. గుప్పెడు అరచేతిలో పోసి చూడండి. గింజ కొసన చిన్న మొలకభాగం చాలా గింజలకి ఉండాలి, పైన లేత గోధుమరంగు గీతలు కనపడాలి. మొలక ఊడిపోయి రంగు మాత్రం ఉంటే అది సగం పాలిషు. ఒక్కసారే కడగండి. గంట నుంచి రెండు గంటలు నానబెట్టి, గ్లాసుకి రెండున్నర గ్లాసుల నీళ్ళు పోసి, కుక్కర్లో సన్నమంట మీద 15 నుంచి 20 నిమిషాలు ఉంచండి. గంజి వార్చితే కష్టపడి కాపాడిన బీ1 ఆ గంజితోనే పోతుంది. వార్చే అలవాటు మానలేకపోతే ఆ గంజిని చారులోనో మజ్జిగలోనో కలపండి. ఇంకొకటి: తవుడులో నూనె ఉంటుంది కాబట్టి ఈ బియ్యం తెల్లబియ్యంలా ఏడాది నిలవ ఉండవు. రెండు మూడు నెలలకి ముక్కవాసన వస్తుంది, పురుగూ త్వరగా పడుతుంది. నెలకి సరిపడా మాత్రమే కొనండి. వారం రోజులు అన్నంలో మూడోవంతు కలిపి మొదలుపెట్టండి, ఒక్కసారిగా మారితే కడుపు ఉబ్బి, తప్పు బియ్యం మీద వేస్తారు.

ఇక మీ రెండో ప్రశ్న, నెల రోజులు ఏ కొలత పట్టాలి? ఆయన తనమీద చేసుకున్న ప్రయోగాలు వద్దు. ఇతరులకి చెప్పిన కొలత ఒకటుంది, అది పట్టండి. 1942లో ఆగాఖాన్ ప్యాలెస్‌లో ఖైదులో ఉండగా ఆరోగ్యం మీద రాసిన చిన్న పుస్తకంలో, కూర్చుని పనిచేసే మనిషికి రోజుకి ఇంత అని ఇచ్చారు. ఆవుపాలు 2 పౌన్లు (దాదాపు 900 గ్రాములు). గోధుమ, బియ్యం, సజ్జ అన్నీ కలిపి 6 ఔన్సులు (170 గ్రాములు, వండకముందు బరువుగా తీసుకోండి). ఆకుకూర 3 ఔన్సులు (85), ఇతర కూరలు 5 (140), పచ్చికూర 1 (28). నెయ్యి ఒకటిన్నర ఔన్సు (42) లేదా వెన్న 2 (57). బెల్లం లేదా పంచదార ఒకటిన్నర (42). పుల్ల నిమ్మకాయలు 2. పళ్ళు రుచిని బట్టి, జేబుని బట్టి. ఉప్పు రుచికి తగినంత. అవును, ఉప్పు మళ్ళీ వచ్చింది.

గమనించారా, తాను మేకపాలు తాగుతూ జనానికి ఆవుపాలే రాశారు. పొదిగినా పిల్ల కాని గుడ్డు మాంసం కిందికి రాదు, పాలు తాగేవాడికి దానిమీద అభ్యంతరం ఉండకూడదు అని కూడా ఆ పుస్తకంలోనే అన్నారు. ఇది చెబితే చాలామంది నమ్మరు.

ఈ కొలత లెక్కేస్తే సుమారు 1800 కేలరీలు, 54 గ్రాముల మాంసకృత్తులు. పచ్చితిండికి దాదాపు రెట్టింపు. మాంసకృత్తుల్లో సగానికి మించి పాలనుంచే వస్తాయి కాబట్టి పాలు తగ్గించి మిగతాది అలాగే ఉంచితే పట్టిక కూలిపోతుంది. పాలు పడనివాళ్ళు సగం పాలు పెరుగుగా మార్చుకోవచ్చు. ఇంకా తగ్గించాలంటే ప్రతి 250 గ్రాముల పాలకీ 35 గ్రాముల కందిపప్పో పెసరపప్పో చేర్చండి. నెయ్యి, బెల్లం మాత్రం ఇవాళ్టి లెక్కలో ఎక్కువే. మధుమేహం ఉంటే బెల్లం పూర్తిగా తీసెయ్యండి, తిండిగింజలు మూడు పూటలకి పంచండి. నెయ్యి చెంచాతో కాక తక్కెడతో కొలవండి: పేరిన నెయ్యి గోపురంలా తీస్తే ఒక్క పెద్ద చెంచాలో 20 గ్రాములు దాటుతుంది, చెంచా అంచుకి సమం చేస్తే 13.

బరువు దగ్గర కూడా ఆయన్ని ఆదర్శంగా పెట్టుకోకండి. భారత వైద్య పరిశోధన మండలి 2019లో బయటపెట్టిన ఆయన ఆరోగ్య రికార్డుల ప్రకారం 1939లో 46.7 కిలోలు, ఎత్తు 165 సెంటీమీటర్లు. ఈ ఎత్తుకి అది తక్కువ బరువే. 1940లో రక్తపోటు 220/110 నమోదైంది. అంత నియమంగా తిన్న మనిషికి రక్తపోటు ఏమిటంటారు. తిండి ఒక్కటే అన్నిటికీ తాళం కాదు.

ఉపవాసాల గురించి ఒక్కమాట, ఎందుకంటే ఈ ప్రశ్న అడిగినవాళ్ళు చాలామంది తర్వాత అక్కడికే వస్తారు. 1943 ఫిబ్రవరి 10 నుంచి మార్చి 3 దాకా 21 రోజులు చేసింది నీళ్ళ ఉపవాసమని రాస్తుంటారు. వట్టి నీళ్ళు కడుపులో నిలవక వికారం పెట్టడంతో బత్తాయి రసం కొద్దికొద్దిగా కలిపారు. చుట్టూ వైద్యులు ఉన్నారు. 1932లో పూనా ఉపవాసాన్ని విరమించింది నారింజరసంతో, పులిహోరతో కాదు. ఐదు రోజులు దాటి ఏమీ తినని ఒంటికి ఒక్కసారిగా అన్నం, తీపి పెడితే రక్తంలో ఫాస్ఫేటు, పొటాషియం పడిపోయి గుండె లయ తప్పుతుంది. ఉపవాసంలో కన్నా విరమణ రోజునే ప్రమాదం ఎక్కువ. మొదటిరోజు పలుచని గంజో రసమో గంటకి అరగ్లాసు చొప్పున, రెండోరోజు మజ్జిగన్నం రెండు గరిటెలు, మామూలు భోజనం నాలుగోరోజుకి. మధుమేహం మందులు, రక్తపోటు మందులు వాడేవాళ్ళు ఒక్కరోజు ఉపవాసానికి కూడా మోతాదు సంగతి ముందు డాక్టర్ని అడగాలి, మధుమేహం మందు అలాగే వేసుకుని తిండి మానేస్తే రక్తంలో చక్కెర పడిపోవచ్చు.